గాలికి ఎదురెళ్లే ఓడ

విశాఖ విమానాశ్రయంలో రన్‌వే పొడవు మూడు కిలోమీటర్ల పైమాటే. నిండా ప్రయాణికులున్న విమానం కూడా అక్కడ తీరిగ్గా పరుగెత్తి, తీరిగ్గా లేస్తుంది. అదే విమానవాహక నౌక ‘ఐఎన్ఎస్ విక్రాంత్’ మీద ఫైటర్ పైలట్‌కు దొరికేది, ముక్కు దగ్గరి వంపుతో కలిపి, సుమారు రెండు వందల మీటర్లు. దిగేటప్పుడు జాగా ఇంకా తక్కువ. గంటకు 240 కిలోమీటర్ల వేగంతో వచ్చే విమానం అటూఇటూగా వంద మీటర్లలో ఆగిపోవాలి. ఆగకపోతే ముందున్నది సముద్రమే.

ఇంత చిన్న చోటులో ఇది ఎలా కుదురుతుంది? ముందుగా చెప్పుకోవాల్సింది గాలి గురించి. విమానం లేవాలంటే చక్రాలు ఎంత వేగంగా తిరిగాయన్నది లెక్కలోకి రాదు. రెక్కల మీదుగా గాలి ఎంత వేగంగా పారిందన్నదే లెక్క. గాలిపటం ఎగరేసే పిల్లాడు గాలికి ఎదురు పరుగెత్తినట్టే, విమానాలు ఎగిరే వేళ కాగానే ఈ ఓడ గాలి వచ్చే దిక్కుకు ముక్కు తిప్పి వేగం పెంచుతుంది. ఎదురుగాలి గంటకు ఇరవై కిలోమీటర్లు ఉందనుకుందాం. ఓడ నలభైతో దానికి ఎదురెళ్తే డెక్ మీద అరవై కిలోమీటర్ల గాలి వీస్తుంది. చక్రం కదలకముందే విమానానికి ఆ మేరకు వేగం చేతికొచ్చినట్టే. దిగేటప్పుడు కూడా అంతే. గాలిలో 240 వేగంతో వస్తున్న విమానం డెక్‌ను తాకే క్షణంలో, డెక్‌తో పోల్చి చూస్తే, 180తోనే వస్తున్నట్టు లెక్క.

ఈ సాయానికి ఓడ చెల్లించే మూల్యం ఉంది. విమానాలు లేస్తున్నంతసేపూ దాని దారి దాని చేతిలో ఉండదు. తూర్పుకు పోవాల్సిన ఓడ, గాలి పడమటి నుంచి వీస్తుంటే, వెనక్కి తిరగాల్సిందే. చుట్టూ కాపలాగా వస్తున్న యుద్ధనౌకలూ దాంతోపాటే తిరగాలి. పైగా ఆ కాసేపూ వంకర తిరక్కుండా తిన్నగా సాగాలి. నీళ్ల కింద పొంచి ఉన్న సబ్‌మెరైన్‌కు అంతకంటే అనువైన సమయం ఉండదు. అందుకే విమానాలను పంపే, దింపుకునే వ్యవధిని నిమిషాల్లో కొలుస్తారు. ఆ నిమిషాల కోసమే మిగతా రోజంతా ఓడలో అందరూ పనిచేస్తారు.

విక్రాంత్ విషయమే చూద్దాం. పొడవు 262 మీటర్లు, వెడల్పు 62. నీటిలో బరువు 43 వేల టన్నుల పైన. పద్నాలుగు అంతస్తులు, 2,300 గదులు, 1,600 మంది సిబ్బంది. గరిష్ఠ వేగం 28 నాట్లు, అంటే గంటకు 52 కిలోమీటర్లు. కొచ్చిన్ షిప్‌యార్డులో 2009లో పునాది పడింది. 2022 సెప్టెంబరు 2న నౌకాదళంలో చేరింది. మన దేశంలో మనమే గీసుకుని, మనమే కట్టుకున్న మొదటి విమానవాహక నౌక ఇది. దీని ఒంట్లో హైదరాబాద్ పనితనం కూడా ఉంది. ఇలాంటి ఓడకు మామూలు ఉక్కు పనికిరాదు. బయటి నుంచి తెప్పించుకోవడం కుదరనప్పుడు కంచన్‌బాగ్‌లోని రక్షణ లోహ పరిశోధనాశాల డీఎంఆర్ఎల్ శాస్త్రవేత్తలు ఆ ఉక్కు తయారీ విధానాన్ని రూపొందించారు. ప్రభుత్వ ఉక్కు సంస్థ సెయిల్ కర్మాగారాలు దాన్ని ప్లేట్లుగా చేసి పంపాయి. డెక్ కోసం ఇంకాస్త గట్టి రకాన్ని వేరుగా తయారుచేశారు. ఇరవై టన్నుల విమానం రోజూ దబ్బున పడేది దాని మీదే మరి.

ఈ ఓడకు పేరిచ్చిన పాత విక్రాంత్‌ను బ్రిటన్‌లో కట్టడం మొదలుపెట్టి, రెండో ప్రపంచయుద్ధం ముగియడంతో సగంలో ఆపేశారు. భారత్ దాన్ని 1957లో కొని, పూర్తి చేయించుకుని, 1961 మార్చి 4న బెల్‌ఫాస్ట్‌లో నౌకాదళంలో చేర్చుకుంది. అదే ఏడాది మే 18న దాని మీద మొదటి జెట్ దించిన లెఫ్టినెంట్ ఆర్.హెచ్. తహిలియానీ తర్వాతి కాలంలో నౌకాదళాధిపతి అయ్యారు.

గాలి విలువ ఆ ఓడకు 1971లో బాగా తెలిసొచ్చింది. యుద్ధమేఘాలు కమ్ముకుంటున్న సమయంలో దాని బాయిలర్లలో ఒకటి పగుళ్లిచ్చింది. పూర్తి వేగం అందుకునే స్థితి లేదు. డిసెంబరు నెలలో బంగాళాఖాతం చాలా రోజులు నిశ్శబ్దంగా ఉంటుంది, గాలి పెద్దగా ఉండదు. ఓడకు వేగం లేక, బయట గాలీ లేక, బాంబులు మోసే విమానాన్ని గాల్లోకి ఎలా లేపాలి? ఏ విమానం ఎంత బరువుతో లేవగలదన్నది ప్రతిసారీ లెక్కగట్టాల్సి వచ్చింది. అయినా డిసెంబరు 4న దాని సీహాక్ విమానాలు కాక్స్‌బజార్, చిట్టగాంగ్‌ల మీద దాడిచేశాయి. ఆ తర్వాతి రోజుల్లో తూర్పు పాకిస్తాన్‌కు సముద్రమార్గం మూసుకుపోవడంలో ఆ కుంటి ఓడ పాత్ర చాలా పెద్దది.

అప్పట్లో విశాఖలో నడిచిన నాటకం తెలుగువాళ్లకు కొంత తెలుసు. 2017లో వచ్చిన ‘ఘాజీ’ సినిమా ఆ ఉదంతం ఆధారంగా తీసిందే. పాకిస్తాన్ సబ్‌మెరైన్ ‘ఘాజీ’ వేటాడుతూ వచ్చింది ఈ విక్రాంత్‌నే. ఓడ అండమాన్ దీవుల్లో దాక్కుని ఉంటే, అది విశాఖలోనే ఉందని శత్రువు నమ్మేలా చేశారు తూర్పు నౌకాదళాధిపతి వైస్ అడ్మిరల్ ఎన్. కృష్ణన్. పాత డిస్ట్రాయర్ ‘రాజ్‌పుత్’ విక్రాంత్‌లా వైర్‌లెస్‌లో మాట్లాడింది. తల్లి ఆరోగ్యం ఎలా ఉందంటూ విక్రాంత్ నావికుడి పేరిట మామూలు టెలిగ్రాం ఒకటి వెళ్లింది. విశాఖ బజార్లలో విమానవాహక నౌకకు సరిపడేంత సరుకులకు ఆర్డర్లిచ్చారు. ఘాజీ విశాఖ తీరానికి వచ్చి, డిసెంబరు 3 అర్ధరాత్రి వేళ తొంభైమందికి పైగా నావికులతో మునిగిపోయింది. ఎలా మునిగిందన్న దానిపై ఇరుదేశాల వాదనలు వేరు. ఎందుకు వచ్చిందన్న దానిపై మాత్రం భేదాభిప్రాయం లేదు.

బియ్యం, పప్పులు, కూరగాయల ఆర్డర్లు ఒక సబ్‌మెరైన్‌ను నమ్మించగలిగాయంటే విడ్డూరమేమీ కాదు. వెయ్యిమందికి పైగా తినే ఓడ ఎక్కడ ఆగినా ఆ ఊరి మార్కెట్‌కు తెలిసిపోతుంది. ఇప్పటి విక్రాంత్‌లో వంటశాలను గ్యాలీ అంటారు. అక్కడ పొయ్యి దాదాపు ఎప్పుడూ ఆరదు. అర్ధరాత్రి డ్యూటీ దిగేవాడికి ఒక తిండి, తెల్లవారుజామున ఎక్కేవాడికి ఒక తిండి. చపాతీలు వేల లెక్కన కావాలి కాబట్టి వాటిని యంత్రాలే ఒత్తి కాలుస్తాయి. కాశ్మీరీ, కేరళీయుడు, శ్రీకాకుళం కుర్రాడు, పంజాబీ ఒకే వరుసలో పళ్లెం పట్టుకుని నిలబడే చోటు కాబట్టి, అన్నమూ ఉంటుంది, చపాతీ ఉంటుంది. ఓడ బయల్దేరిన మొదటి రోజుల్లో తాజా కూరలు, ఆకుకూరలు. రోజులు గడిచేకొద్దీ ఉల్లి, బంగాళాదుంప, పప్పుల వంతు పెరుగుతుంది. నడిసముద్రంలో సరుకుల నౌక పక్కన చేరి, తాళ్ల మీదుగా మూటలూ పైపుల ద్వారా ఇంధనమూ అందించిన రోజు మళ్లీ తాజా కూరలు కనిపిస్తాయి. తాగే నీరు ఓడలోనే సముద్రపు నీటి నుంచి ఉప్పు తీసి తయారుచేసుకుంటారు.

నిద్ర సంగతి వేరు. నావికులవి ఒకదాని మీద ఒకటి పేర్చిన బంకులు. ఒక్కొక్కరికి దక్కేది పరుపు, కర్టెను, సామాన్లు దాచుకునే చిన్న అర. డెక్‌కు దగ్గరగా పడుకున్నవాళ్ల నెత్తి మీదే విమానాలు దిగుతుంటాయి. కొత్తవాళ్లు మొదటి రాత్రులు ఉలిక్కిపడి లేస్తారు. కొన్నాళ్లకు ఆ చప్పుడులో నిద్రపోవడం అలవాటై, ఏదైనా కొత్త మోత వినిపిస్తేనే మెలకువ వస్తుంది. డ్యూటీలు నాలుగేసి గంటల వాచ్‌లుగా నడుస్తాయి. సాయంత్రం నాలుగు నుంచి ఎనిమిది వరకు ఉన్న వాచ్‌ను మాత్రం రెండు ముక్కలు చేస్తారు. దానివల్ల రోజుకు ఏడు వాచ్‌లవుతాయి. అర్ధరాత్రి వాచ్ రోజూ ఒకరి నెత్తినే పడకుండా వంతు మారుతుంటుంది. ఎప్పటిదో తెరచాప ఓడల నాటి ఏర్పాటు, నేటికీ మారలేదు.

ఇంజిన్ గదుల్లో పనిచేసేవాళ్లు రోజుల తరబడి ఎండ మొహం చూడరు. నాలుగు గ్యాస్ టర్బైన్ల పక్కన, చెవులకు రక్షణ తగిలించుకుని, డయళ్ల మీద కళ్లు పెట్టి ఉంటారు. పైన ఎగిరిన విమానం వాళ్లకు కనపడదు. కానీ పైలట్‌కు డెక్ మీద కావాల్సిన గాలిలో సగానికి పైగా తయారయ్యేది వాళ్ల చేతుల్లోనే. ఓడలో డాక్టర్లున్నారు, దంతవైద్యులున్నారు, ఆపరేషన్ థియేటర్, సీటీ స్కానర్ ఉన్నాయి. మహిళా అధికారులకు వేరుగా క్యాబిన్లు కట్టారు. ఒక డెక్ నుంచి ఇంకో డెక్‌కు నిటారు ఇనప మెట్లు ఎక్కి దిగాలి. ప్రతి గుమ్మానికీ నీళ్లు చొరకుండా బిగించే ఇనప తలుపు, మోకాలి ఎత్తు గడప. కొత్తగా చేరినవాళ్లకు తమ గది దారి తెలుసుకోవడానికే చాలారోజులు పడుతుంది.

విమానాలు ఎగిరే రోజు ఉదయం జరిగే మొదటి పని ఎవరూ ఊహించనిది. డెక్ ఈ చివర నుంచి ఆ చివర వరకు మనుషులు భుజం భుజం కలిపి వరుసగా నిలబడతారు. తలలు వంచి, నేల వంకే చూస్తూ, మెల్లగా నడుస్తారు. ఒక స్క్రూ, తెగిన తీగముక్క, పెయింటు పెచ్చు, బూటులో ఇరుక్కుని వచ్చిన రాయి, ఏది కనపడినా వంగి ఏరి జేబులో వేసుకుంటారు. జెట్ ఇంజిన్ ముందున్నదాన్నల్లా లోపలికి పీల్చేస్తుంది. గోరంత బోల్టు లోపలికి వెళ్తే, కోట్ల రూపాయల ఇంజిన్ బ్లేడ్లు తునకలవుతాయి. ఆ వరుసలో వంటవాడూ ఉంటాడు, గుమాస్తా ఉంటాడు, పైలట్ కూడా ఉంటాడు.

ఆ తర్వాత డెక్ రంగులమయమవుతుంది. ఇంజిన్లు మొదలయ్యాక అక్కడ మాట వినపడదు. పక్కవాడి చెవిలో అరిచినా లాభం లేదు. కాబట్టి ఎవరి పనేమిటో చొక్కా రంగే చెప్పాలి. అమెరికన్ నౌకల్లో స్థిరపడిన పద్ధతిలో పసుపు చొక్కా వేసుకున్నవాడు విమానాలకు దారిచూపిస్తాడు. ఊదారంగు వాళ్లది ఇంధనం పని. ఎరుపు వాళ్లు బాంబులు, క్షిపణులు, మంటలార్పే పని చూస్తారు. తెలుపు వాళ్లవి భద్రత, వైద్యం. ఆకుపచ్చ వాళ్లు విమానాన్ని విసిరే, పట్టి ఆపే యంత్రాల దగ్గరుంటారు. నీలం వాళ్లు చక్రాల కింద అడ్డుదిమ్మెలు పెడతారు, గొలుసులు కడతారు. రంగుల కేటాయింపులో దేశానికీ దేశానికీ చిన్నచిన్న తేడాలున్నాయి కానీ పద్ధతి ఒకటే, మన నౌకల్లోనూ ఇదే. మాటల బదులు చేతుల సైగలు. పసుపు చొక్కా కుర్రాడు రెండు చేతులూ పిడికిళ్లు బిగిస్తే ఇరవై టన్నుల యంత్రాన్ని పైలట్ అక్కడికక్కడే ఆపాలి. ఆ పైలట్ హోదా ఎంత పెద్దదైనా సరే, డెక్ మీద పసుపు చొక్కా మాటే చెల్లుతుంది.

డెక్ కింద హ్యాంగర్. రెక్కలు ముడుచుకున్న విమానాలు అక్కడ జానెడు సందు కూడా లేకుండా సర్ది ఉంటాయి. రెండు పెద్ద లిఫ్టులు వాటిని పైకి చేరవేస్తాయి. ఓడ ఎప్పుడూ ఊగుతూనే ఉంటుంది కాబట్టి నిలబెట్టిన ప్రతి విమానాన్నీ గొలుసులతో డెక్‌కు కట్టేస్తారు. డెక్ అంతటా దానికోసం చిన్న గుంటల్లో కొక్కేలు ఉంటాయి. వర్షంలో, రాత్రిలో, గాలి తోసేస్తుంటే మోకాళ్ల మీద కూర్చుని ఆ గొలుసులు విప్పడం, బిగించడం చేసేది ఇరవై ఏళ్లు దాటీదాటని కుర్రాళ్లు. గొలుసు విప్పాక ఎత్తి చూపిస్తారు. ఎన్ని కట్టారో అన్నీ విప్పినట్టు పైలట్ కళ్లారా చూడాలి.

విమానాలు ఎగరడానికి ముందు హెలికాప్టర్ ఒకటి లేచి ఓడ పక్కన గాలిలో కాపలా ఉంటుంది. ఏదైనా విమానం నీళ్లలో పడితే పైలట్‌ను తీయడమే దాని పని. అందరికంటే ముందు లేచేది అదే, చివరన దిగేదీ అదే. ఆ తర్వాత ఫైటర్ విమానం మిగ్-29కె ముందుకు కదిలి తన గీత దగ్గర నిలబడుతుంది. డెక్‌లోంచి రెండు ఉక్కు దిమ్మెలు లేచి చక్రాలకు అడ్డుపడతాయి. వెనక ఒక పెద్ద పలక లేచి ఇంజిన్ మంటను పైకి మళ్లిస్తుంది. పైలట్ ఇంజిన్లు రెండింటినీ పూర్తి బలానికి తెస్తాడు. విమానం దిమ్మెల మీద ఒరుగుతూ వణుకుతుంది. సంకేతం రాగానే దిమ్మెలు కిందికి దిగిపోతాయి. కొద్ది సెకన్లలో విమానం ఓడ ముక్కు దగ్గరి 14 డిగ్రీల వంపు మీదికి ఎక్కి, పైకి విసిరేసినట్టు గాల్లోకి వెళ్తుంది. ఆ క్షణానికి అది ఎగరడానికి చాలినంత వేగం ఇంకా అందుకోదు. వంపు ఇచ్చిన ఆ ఎత్తు, ఆ రెండు మూడు క్షణాల వ్యవధి, మిగిలిన వేగం పుంజుకోవడానికి పనికొస్తాయి.

ఈ వంపును 1970లలో బ్రిటిష్ నౌకాదళ అధికారి డగ్ టేలర్ ప్రతిపాదించాడు. ఖర్చు తక్కువ, చెడిపోయే భాగాలు లేవు. కానీ దానికో పరిమితి ఉంది. ఇంధనమూ ఆయుధాలూ పూర్తిగా నింపుకుని విమానం లేవలేదు. రెండింటిలో ఏదో ఒకటి తగ్గించుకోవాలి. డెక్ మీద గాలి ఎంత ఎక్కువుంటే అంత తక్కువ తగ్గించుకుంటే చాలు. అమెరికా దగ్గరున్న కాటపుల్ట్ ఈ సమస్యను తప్పిస్తుంది: ఆవిరి ఒత్తిడితో గానీ, ‘జెరాల్డ్ ఫోర్డ్’ నౌకలో లాగా విద్యుదయస్కాంతంతో గానీ, విమానాన్ని రెండు మూడు సెకన్లలో గంటకు 250 కిలోమీటర్ల వేగానికి విసిరేస్తుంది. అక్కడ విసిరే ముందు ఒక నావికుడు విమానం బరువు రాసిన పలకను పైలట్‌కు ఎత్తి చూపుతాడు. పైలట్ సరేననాలి. ఆ అంకెను బట్టే యంత్రం బలాన్ని సర్దుతారు. అంకె తప్పితే విమానం నేరుగా నీళ్లలోకే.

లేవడం ఒక ఎత్తు, దిగడం పది ఎత్తులు. నేవీ పైలట్లు గొప్పగా చెప్పుకునేదీ, భయపడేదీ ఇదే.

ఆకాశం నుంచి చూస్తే ఓడ చిన్న గీతలా కనిపిస్తుంది. అది కదులుతోంది. పైకీ కిందికీ లేస్తూ పడుతూ ఉంది. దిగే దారి ఓడ వెన్నుకు సూటిగా కాకుండా కాస్త ఎడమకు వాలి ఉంటుంది. ముందున్న విమానాలకు తగలకుండా, తప్పితే మళ్లీ ఎగిరిపోవడానికి వీలుగా చేసిన ఏర్పాటు అది. బ్రిటన్‌కు చెందిన డెనిస్ క్యాంబెల్ 1951లో చేసిన ఆలోచన. కాకపోతే దాని వల్ల పైలట్‌కు ఒక చిక్కుంది: ఓడ ముందుకు సాగుతున్న కొద్దీ తాను గురిపెట్టిన గీత మెల్లగా కుడివైపుకు జరిగిపోతుంటుంది. దాని వెంట తానూ జరుగుతూ రావాలి. ఎత్తు సరిగా ఉందో లేదో చెప్పడానికి డెక్ ఎడమ అంచున దీపాల పరికరం ఉంటుంది. చాలా నౌకల్లో వాడే రకంలో నారింజ రంగు దీపం, ఆకుపచ్చ దీపాల వరుసకు సమానంగా కనిపిస్తే దారి సరైనదే. అది పైకి పోతే విమానం ఎత్తులో వస్తోంది. కిందికి జారి ఎర్రబడితే ఓడ వెనక అంచుకు కొట్టుకునే ప్రమాదం దగ్గర్లో ఉంది.

డెక్‌కు అడ్డంగా, కొద్ది అంగుళాల ఎత్తులో మూడు ఉక్కు తాళ్లు సాగదీసి ఉంటాయి. విమానం తోక కింద వేలాడే కొక్కెం వాటిలో ఒకదాన్ని అందుకోవాలి. తాడు రెండు కొసలూ డెక్ కిందున్న యంత్రానికి కట్టి ఉంటాయి. అది విమానం ఊపునంతా మింగుతూ తాడును వదులుతుంది. నేల మీద దిగే పైలట్ చివరి క్షణంలో ముక్కెత్తి మెత్తగా తాకిస్తాడు. ఇక్కడ మెత్తదనానికి తావులేదు. వచ్చిన వాలులోనే వచ్చి దబ్బున కొట్టాలి. చక్రాలు తాకగానే పైలట్ చేసే పని విన్నవాళ్లకు ఆశ్చర్యంగా ఉంటుంది: ఇంజిన్‌ను పూర్తి బలానికి పెంచుతాడు. కొక్కెం తాడును అందుకుందో లేదో తెలిసేదాకా ఆగితే ఆలస్యమైపోతుంది. అందుకుంటే తాడే ఆపుతుంది. అందకపోతే ఆ బలంతో మళ్లీ గాల్లోకి లేచి, చుట్టు తిరిగి వస్తాడు.

ఓడ వెనక ఎడమవైపు, గాలికి వీపు పెట్టి, చేతిలో రేడియోతో నిలబడి ఇదంతా చూసేది లాండింగ్ సేఫ్టీ ఆఫీసర్, అంటే ఎల్ఎస్ఓ. ఆయన కూడా పైలటే. రెక్క వాలు, ఇంజిన్ చప్పుడులో తేడా చూసి, విని, లోపలున్నవాడికి తెలియకముందే తప్పు పసిగడతాడు. ‘పవర్’ అంటాడు, లేదా వద్దు వెళ్లిపొమ్మంటాడు. వెళ్లిపొమ్మన్నాక పైలట్ వాదించే పద్ధతి లేదు. విమానం అదుపు తప్పి తనవైపే వస్తే ఎల్ఎస్ఓ దూకడానికి పక్కనే వల కట్టి ఉంటుంది. ప్రతి దిగుడుకూ ఆయన మార్కులు వేస్తాడు. ఎన్నేళ్ల అనుభవమున్న పైలట్‌కైనా ఆ మార్కులు అందరిముందూ చదువుతారు. ఈ వృత్తిలో తప్పు దాచుకునే వీలు లేకపోవడమే ప్రాణాలు కాపాడుతోందని చెప్పాలి.

రాత్రిపూట ఇవన్నీ చీకట్లో చేయాలి. నీరు, ఆకాశం కలిసిపోయి దిగంతమే కనిపించదు. విక్రాంత్ మీద 2023 ఫిబ్రవరి 6న తేజస్ నౌకాదళ నమూనా, మిగ్-29కె తొలిసారి పగలు దిగాయి; రాత్రిపూట మిగ్ దిగడానికి మే నెల వరకు ఆగాల్సి వచ్చింది. ఇదంత తేలిక కాదనడానికి చరిత్ర మొదటి పుటల్లోనే సాక్ష్యముంది. కదిలే ఓడ మీద మొట్టమొదట విమానం దించిన బ్రిటిష్ అధికారి ఎడ్విన్ డన్నింగ్, 1917 ఆగస్టు 2న ఆ పని చేసి, అయిదు రోజులకే మళ్లీ ప్రయత్నిస్తూ సముద్రంలో పడి మరణించాడు. మన దగ్గర 2020 నవంబరు 26న మరో విమానవాహక నౌక ‘విక్రమాదిత్య’ నుంచి ఎగిరిన మిగ్-29కె శిక్షణ విమానం గోవా తీరంలో కూలింది. ఒక పైలట్‌ను వెంటనే కాపాడారు. రెండో పైలట్ భౌతికకాయం పదకొండు రోజుల తర్వాత దొరికింది.

నౌకాదళం వాళ్లు నీళ్ల కంటే ఎక్కువగా భయపడేది నిప్పుకు. వేల టన్నుల ఇంధనం, బాంబులు, వేడి ఇంజిన్లు, ఇవన్నీ ఒకేచోట. 1967 జులై 29న వియత్నాం తీరంలో ‘ఫారెస్టల్’ అనే అమెరికన్ నౌక మీద, ఎగరడానికి సిద్ధంగా ఉన్న విమానం నుంచి పొరపాటున ఒక రాకెట్ దూసుకెళ్లి ఎదురుగా ఉన్న విమానానికి తగిలింది. ఇంధనం డెక్ మీద పారి అంటుకుంది. మంటలార్పే నిపుణుల బృందం పరుగెత్తుకెళ్లింది. రెండు నిమిషాలైనా కాకముందే మొదటి బాంబు పేలి, వాళ్లలో దాదాపు అందరూ చనిపోయారు. మిగిలినవాళ్లకు ఆ శిక్షణ లేదు. నురగ చల్లి ఆర్పుతున్న చోట కొందరు తెలియక నీళ్లు కొట్టి ఆ నురగను కడిగేశారు. 134 మంది మరణించారు. ఆ తర్వాత నుంచి అక్కడ ఓడలో ప్రతి ఒక్కరికీ మంటలార్పడం నేర్పించడం నియమమైంది. మన నౌకాదళంలోనూ వంటవాడైనా, లెక్కలు రాసేవాడైనా ఈ శిక్షణ తప్పదు. 2019 ఏప్రిల్ 26న విక్రమాదిత్య కార్వార్ రేవులోకి వస్తుండగా లోపల మంటలు లేస్తే, ఆర్పడానికి ముందుండి వెళ్లిన లెఫ్టినెంట్ కమాండర్ డి.ఎస్. చౌహాన్ ప్రాణాలు కోల్పోయారు. మంటలు ఓడ పనితీరును దెబ్బతీయకుండా అదుపులోకి వచ్చాయి.

ఈ డెక్ దాకా వచ్చే దారిలో విశాఖ ఒక మజిలీ. ప్రయాణికులు ఎక్కిదిగే విశాఖ విమానాశ్రయం నేవీ వారి ఐఎన్ఎస్ డేగాలో భాగం. అక్కడ హాక్ శిక్షణ జెట్ల మీద చేయి తిరిగిన పైలట్లు గోవాలోని ఐఎన్ఎస్ హంసాకు వెళ్లి మిగ్‌లు నేర్చుకుంటారు. గోవాలో నేల మీదే ఓడ వంపును, ఉక్కు తాళ్లను అదే కొలతలతో కట్టారు. అక్కడ తప్పులన్నీ చేసి, దిద్దుకుని, ఆ తర్వాతే సముద్రం మీదికి. నౌకాదళ ఫైటర్ విభాగంలోకి అడుగుపెట్టిన మొదటి మహిళ, సబ్ లెఫ్టినెంట్ ఆస్థా పూనియా, 2025 జులైలో తన పైలట్ బ్యాడ్జీ అందుకున్నది విశాఖలోని డేగాలోనే.

2025 ఏప్రిల్‌లో భారత్, ఫ్రాన్స్‌తో 26 రఫేల్ మెరైన్ విమానాల ఒప్పందం చేసుకుంది. వీటిలో 22 డెక్ మీద దిగేవి. తక్కిన నాలుగు రెండు సీట్ల శిక్షణ విమానాలు. రఫేల్‌కు రెక్కలు ముడవడం రాదు. అంటే హ్యాంగర్‌లో సర్దుబాటు మారుతుంది, లిఫ్టు మీద నిలిపే పద్ధతి మారుతుంది, గొలుసులు కట్టే చోట్లు మారతాయి. పసుపు, నీలం చొక్కాల కుర్రాళ్లు ఒక్కో పనీ మళ్లీ మొదటి నుంచి నేర్చుకోవాలి.

మూడో విమానవాహక నౌక కావాలా వద్దా అన్న చర్చ మన దేశంలో ఏళ్ల తరబడి నడుస్తోంది. ఒకటి మరమ్మతులో ఉన్నప్పుడు కూడా రెండు తీరాల్లో ఒక్కోటి ఉండాలన్నది నౌకాదళం వాదన. దీర్ఘశ్రేణి క్షిపణుల కాలంలో ఇంత ఖర్చు దేనికన్నది ఎదుటి వాదన. ఖర్చు సంగతి నిజమే. విక్రాంత్‌కే సుమారు ఇరవై వేల కోట్లయింది. అయితే ఉక్కు, యంత్రాలు ఎంతైనా డబ్బుతో సమకూరేవి. అంత తేలిగ్గా సమకూరనిది డెక్ మీది పనితనం. 1961 నుంచి నేటి వరకు భారత్ ఒక్క ఏడాది కూడా విమానవాహక నౌక లేకుండా లేదు. పాత విక్రాంత్ వాళ్లు దాని తర్వాత వచ్చిన ‘విరాట్’ వాళ్లకు, వాళ్లు విక్రమాదిత్య వాళ్లకు, వాళ్లు ఇప్పటి విక్రాంత్ వాళ్లకు నేర్పిన పని అది. చైనా తన మొదటి విమానవాహక నౌకను 2012లో గానీ నౌకాదళంలో చేర్చుకోలేదు. ఈ విషయంలో మనకు అరవై ఏళ్లకు పైబడిన అనుభవం ఉంది.

ఆ అనుభవాన్ని చేతుల్లో పెట్టుకున్నది ఎవరు? గొలుసు బిగించేవాడు, తాడు పరీక్షించేవాడు, బాంబు తగిలించేవాడు, ఇంధనం పైపు పట్టుకునేవాడు. వీళ్లలో కొత్తగా చేరేవారు ఇప్పుడు అగ్నివీరులుగా ఒడిశాలోని ఐఎన్ఎస్ చిల్కాలో శిక్షణ పొంది వస్తున్నారు. వాళ్లది నాలుగేళ్ల సర్వీసు. ఆ తర్వాత కొనసాగించేది నాలుగో వంతు మంది వరకే. మామూలు పనులకు ఇది సరిపోవచ్చు. డెక్ మీద మాత్రం ఒక కుర్రాడు రాత్రిపూట, వానలో, ఊగుతున్న ఓడ మీద నమ్మకంగా విమానాన్ని నడిపించే స్థాయికి వచ్చేసరికి ఆ నాలుగేళ్లలో పెద్దభాగం గడిచిపోతుంది. డెక్ సిబ్బందికి సంబంధించినంత వరకు ఈ నాలుగో వంతు నియమాన్ని ప్రభుత్వం సడలించాలి. పని నేర్చుకున్నవాళ్లను ఎక్కువమందిని, ఎక్కువకాలం ఓడలోనే ఉంచుకోవాలి.